మా బొగుడా కాకు, ఆయన మేజర్ జియా

బెంగాల్-నాగ్‌పూర్ రైల్వే రోజుల్లో శ్రీకాకుళం, విశాఖపట్నం జిల్లాల నుంచి వర్క్‌షాపు పనుల కోసం ఖరగ్‌పూర్ తరలివెళ్లిన తెలుగు కుటుంబాల్లో మాదీ ఒకటి. ఇంట్లో తెలుగు, బడిలో తెలుగు, గోల్‌బజార్‌లో హిందీ, పక్కింట్లో బెంగాలీ మాట్లాడుతూ పెరిగిన మాకు ఢాకాలో ఏం జరుగుతున్నదో హైదరాబాదులో జరిగే దానికంటే ముందుగా తెలిసేది. హైదరాబాదు వార్తలు మా నాన్నగారి పేరున వచ్చే ఉత్తరాల్లో తీరుబడిగా వచ్చేవి. ఢాకా వార్తలు మాత్రం మా పక్క క్వార్టరులోని వాల్వ్ రేడియోలోంచి ప్రతి రాత్రీ మా వసారాలోకే వచ్చి పడేవి.

ఆ రేడియో గల ఆయన రైల్వే అకౌంట్స్ ఆఫీసులో గుమాస్తా. 1950 అల్లర్ల తరవాత తూర్పు బెంగాల్‌లోని బొగుడా జిల్లా నుంచి తల్లినీ, ఇద్దరు చెల్లెళ్లనూ వెంటబెట్టుకుని వచ్చేశారని మా అమ్మ చెప్పేది. ఆ వీధిలోని పిల్లలందరికీ ఆయన బొగుడా కాకు, అంటే బొగుడా బాబాయి. కరతోయా నది గురించీ, మహాస్థాన్‌గఢ్ కోటగోడల గురించీ, మట్టిమూకుళ్లలో తోడుపెట్టే బొగుడా తియ్యపెరుగు గురించీ ఆయన చెబుతుంటే, ఆ ఊరు ఖరగ్‌పూర్‌కు రెండు స్టేషన్ల అవతలే ఉన్నదనిపించేది. ఆ ఊళ్లో పుట్టిన ఒక సైనికుడి కథ ఆయన మాటల మీదుగానే నాకు తెలిసింది. ఆ సైనికుడి పేరు జియావుర్ రెహమాన్, తరవాత బంగ్లాదేశ్ రాష్ట్రపతి అయినవాడు. తరవాతి కాలంలో పుస్తకాల్లో చదివి తెలుసుకున్నది ఎంతో ఉన్నా, జియా పేరు ఎక్కడ కనిపించినా ముందు కాకు గొంతే వినిపిస్తుంది.

1965 సెప్టెంబరు 7న ఢాకా నుంచి వచ్చిన పాకిస్తాన్ సేబర్ విమానాలు మా ఊరి పక్కనే ఉన్న కలాయికుండా వైమానిక స్థావరం మీద బాంబులు వేశాయి. నాకు గుర్తున్నవి సైరన్ మోత, మా అమ్మ నన్ను మంచం కిందికి తోసెయ్యడం, ఆ తరవాత చాలాకాలం కిటికీలకు అంటించి ఉన్న నల్లకాగితాలు. అదే నెలలో, దేశానికి అటు చివర ఖేమ్‌కరణ్ సెక్టారులో, పాకిస్తాన్ పక్షాన ఒకటో ఈస్ట్ బెంగాల్ రెజిమెంటులో ఒక కంపెనీకి నాయకత్వం వహిస్తూ భారత సేనతో పోరాడుతున్న బెంగాలీ అధికారే ఈ జియా. ఆరేళ్ల తరవాత ఈ సంగతి తెలిసినప్పుడు కాకు కొంచెం ఇబ్బందిగా నవ్వి, "అప్పుడు అతని ఉద్యోగం అది, ఖోకా (అబ్బాయీ)" అన్నారు. తనకు నచ్చినవాళ్ల విషయంలో ఆయన తీర్పులు ఎప్పుడూ అంత మెత్తగానే ఉండేవి.

1971 మార్చి చివరి వారంలో ఆ పేరు మొదటిసారి విన్నాం. చిట్టగాంగ్ దగ్గరి కాలూర్‌ఘాట్ ప్రసారకేంద్రం శక్తి చాలా తక్కువ. అక్కడి మాట ఖరగ్‌పూర్ దాకా వినిపించే అవకాశం లేదు. మాకు చేరింది ఆకాశవాణి కలకత్తా మీదుగా, మరునాటి పత్రికల మీదుగా. చిట్టగాంగ్‌లో ఒక బెంగాలీ మేజరు తన దళంతో పాకిస్తాన్ సైన్యం మీద తిరగబడ్డాడనీ, రేడియోలో బెంగాలీల నాయకుడు షేక్ ముజిబుర్ రెహమాన్ పేరున స్వాతంత్ర్య ప్రకటన చదివాడనీ మాత్రమే తెలిసింది. 'ఆమి మేజర్ జియా బోల్‌ఛి' (నేను మేజర్ జియాను మాట్లాడుతున్నాను) అన్న మాటలను బెంగాలీలు ఇప్పటికీ తలుచుకుంటారు. ఆ మేజరుది బొగుడా జిల్లా గాబ్‌తలీ దగ్గరి బాగ్‌బాడీ గ్రామమని కాకుకు ఎవరు చెప్పారో గాని, ఆ సాయంత్రం ఆయన వీధిలో కనబడిన ప్రతి ఒక్కరినీ ఆపి మరీ చెప్పారు. "మా జిల్లా కుర్రాడు! బాగ్‌బాడీ నాకు తెలుసు, మామిడితోటల ఊరు!" అంటూ ఆయన మా నాన్నగారి చెయ్యి పట్టుకుని ఊపేయడం బాగా గుర్తుంది. తమను ఊరు విడిచి వచ్చేలా చేసిన దేశం మీద ఒక ముస్లిం అధికారి తిరగబడ్డాడన్న వార్తకు ఈ హిందూ శరణార్థి అంతగా పొంగిపోవడం మా నాన్నగారికి వింతగా తోచింది గాని, ఆయన ఏమీ అనలేదు.

నిజానికి ఆ బొగుడా కుర్రాడు బొగుడాలో గడిపింది తక్కువే. 1936 జనవరి 19న బాగ్‌బాడీలో పుట్టాడు, ఇంట్లో ముద్దుపేరు కమల్. తండ్రి మన్సూర్ రెహమాన్ రసాయన శాస్త్రజ్ఞుడు, కలకత్తాలో ప్రభుత్వోద్యోగి. అందువల్ల కుర్రవాడు అక్కడి హేర్ స్కూల్లో చదివాడు. దేశవిభజన తరవాత తండ్రి కరాచీకి వెళ్లడంతో చదువు అక్కడ సాగింది. 1953లో కాకుల్‌లోని పాకిస్తాన్ సైనిక అకాడమీలో చేరి, 1955లో అధికారిగా బయటికి వచ్చాడు. బెంగాలీలకు సైన్యం సరిపడదని, వాళ్లది యుద్ధజాతి కాదని పంజాబీ అధికారులు ఎగతాళి చేసే రోజులవి. కరాచీలో పెరిగినందువల్ల ఆయనకు బెంగాలీ రాయడం, ఉపన్యసించడం మొదట్లో అంత తేలిక కాదని తరవాత ఆయన గురించి రాసినవాళ్లు చెప్పారు. పరాయి ఊళ్లో పెరిగినవాడి భాష ఎలా ఉంటుందో మా ఖరగ్‌పూర్ తెలుగువాళ్లకు ఒకరు చెప్పనక్కరలేదు. సెలవులకు శ్రీకాకుళం వెళ్లినప్పుడు మా తెలుగు విని మా మేనత్తలు నవ్విన నవ్వులు ఇంకా నా చెవుల్లోనే ఉన్నాయి.

1970లో ఆయనను చిట్టగాంగ్‌లో కొత్తగా ఏర్పడుతున్న ఎనిమిదో ఈస్ట్ బెంగాల్ రెజిమెంటుకు ఉపనాయకుడిగా పంపారు. ఆయన కమాండింగ్ ఆఫీసరు పశ్చిమ పాకిస్తాన్‌కు చెందిన లెఫ్టినెంట్ కర్నల్ జంజువా. 1971 మార్చి 25 రాత్రి ఢాకాలో సైన్యం జనం మీద విరుచుకుపడుతున్న వేళ, చిట్టగాంగ్ రేవులో 'స్వాత్' అనే ఓడ నుంచి ఆయుధాలు దించే పనికి జియాను పంపించారు. దారిలో ఒక సహచరుడు ఎదురొచ్చి ఢాకా సంగతి చెవిన వేశాడు. జియా అక్కడి నుంచే వెనక్కు తిరిగి, కమాండింగ్ ఆఫీసరును నిర్బంధించి, తన బెటాలియనుతో తిరుగుబాటు చేశాడు. రెండు రోజుల తరవాత, 27న, కాలూర్‌ఘాట్ నుంచి రేడియోలో మాట్లాడాడు. మొదట తానే తాత్కాలిక ప్రభుత్వాధినేతనన్నట్టు ప్రకటించి, తరవాత దానిని సవరించి బంగబంధు ముజిబ్ తరఫున అని చదివాడు. ముందు రోజే ముజిబ్ పార్టీ అవామీ లీగ్ నాయకుడు ఎం.ఎ.హన్నాన్ అదే కేంద్రం నుంచి ముజిబ్ ప్రకటనను చదివి ఉన్నాడు. స్వాతంత్ర్యం మొదట ప్రకటించింది ఎవరన్న తగాదా అక్కడ ఇంతవరకు తెగలేదు. ప్రభుత్వం మారినప్పుడల్లా పాఠ్యపుస్తకాల్లో ఆ పేజీ కూడా మారుతూ వచ్చింది. 1971లో మాత్రం కాకుకు అలాంటి తగాదా ఒకటి రాబోతున్నదన్న ఊహ కూడా లేదు. ఆయన లెక్కలో ముజిబ్ నాయకుడు, జియా సైనికుడు, ఇద్దరూ ఒకే ఇంటివాళ్లు.

ఆ తొమ్మిది నెలలూ మా వీధికి పండగ, దుఃఖం రెండూ కలిసి వచ్చినట్టుండేది. ఆకాశవాణి కలకత్తాలో దేవదులాల్ బందోపాధ్యాయ్ 'సంబాద్ పరిక్రమా' చదువుతుంటే బెంగాలీ ఇళ్లలో పొయ్యిమీద కూర మాడినా ఎవరూ లేచేవారు కారు. శరణార్థుల రాకతో పాటే కళ్లకలక ఊళ్ల మీద పడింది. దానికి బెంగాలీలు 'జయ్ బంగ్లా' అని పేరు పెట్టారు. బడిలో సగం మంది ఎర్రటి కళ్లతో కూర్చుని ఒకరినొకరు "నీకూ జయ్ బంగ్లా వచ్చిందా?" అని అడుక్కునేవాళ్లం. జియా మొదట విమోచన యుద్ధసేన ఒకటో సెక్టారును, జూలై నుంచి తన పేరులోని మొదటి అక్షరంతో ఏర్పడిన 'జెడ్ ఫోర్స్' బ్రిగేడును నడిపాడు. మేఘాలయ సరిహద్దు అవతల కమల్‌పూర్ స్థావరం మీద ఆ దళం చేసిన దాడుల్లో చాలామంది చనిపోయారు. ఆయన భార్య ఖలీదా, ఇద్దరు చిన్నపిల్లలు ఢాకా కంటోన్మెంటులో పాకిస్తాన్ సైన్యం చేతిలో బందీలుగా ఉన్నారు. డిసెంబరు మొదట్లో విశాఖపట్నం నుంచి మా పెదనాన్నగారు రాసిన ఉత్తరంలో, సముద్రంలో పెద్ద పేలుడు వినబడిందనీ, ఘాజీ అనే జలాంతర్గామి మునిగిపోయిందని చెప్పుకుంటున్నారనీ ఉంది. కాకు ఆ ఉత్తరాన్ని మా నాన్నగారి చేత చదివించుకుని అర్థం చెప్పించుకున్నారు. తన యుద్ధం మా ఊరి దాకా వచ్చిందని ఆయనకు ఒక తృప్తి.

యుద్ధం ముగిశాక జియాకు 'వీరోత్తం' బిరుదు వచ్చింది గాని సైన్యాధిపతి పదవి రాలేదు. సర్వీసులో కొద్దిగా వెనకవాడైన షఫీవుల్లాను అధిపతిగా చేసి, జియాను ఉపాధిపతిగా ఉంచారు. ఈ చిన్నచూపును జియా ఎన్నడూ మరచిపోలేదని నా నమ్మకం. సైన్యంలో సీనియారిటీ అన్నది మనలాంటి వాళ్లం అనుకునే దానికంటే చాలా పెద్ద విషయం. రైల్వే ప్రమోషన్ల జాబితాల మీద జరిగే పోట్లాటలు చూసినవాణ్ణి కనుక కొంతవరకు ఊహించగలను.

1975 ఆగస్టు 15 ఉదయం మేము బడిలో జెండా ఎగురవేసి బిస్కట్లు తీసుకుని ఇంటికి వచ్చేసరికి కాకు వాకిట్లో నేల మీద కూర్చుని ఉన్నారు. ముజిబ్‌ను, ఆయన భార్యను, కొడుకులను, కోడళ్లను, పదేళ్ల పసివాడైన రసెల్‌తో సహా, సైన్యంలోని కొందరు చిన్న అధికారులు ఆ తెల్లవారుజామున చంపేశారు. దేశంలో లేని ఇద్దరు కూతుళ్లు మాత్రమే మిగిలారు. మన దగ్గర అప్పుడు ఎమర్జెన్సీ. పత్రికలు రాసిన దానికంటే రాయనిది ఎక్కువ. పది రోజులు గడవకముందే జియా సైన్యాధిపతి అయ్యాడు. కాకు ఆ వార్తకు ఎలా స్పందించాలో తెలియక రేడియో మీద గుడ్డ కప్పేసి లోపలికి వెళ్లిపోయారు.

ఆ ఏడాది నవంబరు మొదటి వారాన్ని అర్థం చేసుకోవడానికి నాకు చాలా ఏళ్లు పట్టింది. 3వ తేదీన బ్రిగేడియర్ ఖాలెద్ ముషారఫ్ తిరుగుబాటు చేసి జియాను గృహనిర్బంధంలో పెట్టాడు. అదే తెల్లవారుజామున ఢాకా జైల్లో తాజుద్దీన్ అహ్మద్ మొదలైన నలుగురు జాతీయ నాయకులను కాల్చి చంపారు. 7వ తేదీన సిపాయిలు తమ అధికారుల మీదే తిరగబడ్డారు. ఆ సిపాయిల వెనుక ఉన్నది రిటైరైన కర్నల్ అబూ తాహెర్, వామపక్ష జాసద్ పార్టీ మనిషి, 1971లో కమల్‌పూర్ దగ్గర ఎడమకాలు పోగొట్టుకున్న పదకొండో సెక్టారు కమాండరు. తాహెర్ సిపాయిలే జియాను విడిపించి భుజాల మీద ఎత్తుకున్నారు. ఖాలెద్ హతుడయ్యాడు. తాహెర్ తన మిత్రుడు విప్లవం చేస్తాడనుకున్నాడు. జియా బ్యారక్కుల్లో క్రమశిక్షణ కావాలనుకున్నాడు. కొద్ది రోజుల్లోనే తాహెర్‌ను నిర్బంధించి, జైలు గోడల లోపలే రహస్యంగా సైనిక విచారణ జరిపి, 1976 జూలై 21న ఉరితీశారు.

జియా జీవితం గురించి ఏది చదివినా నా చూపు ఇక్కడికే వచ్చి ఆగుతుంది. ఆయనను సమర్థించేవాళ్లు ఆ రోజుల్లో సైన్యం ముక్కలు కాకుండా కాపాడాలంటే వేరే దారి లేదంటారు. ఆ మాటలో కొంత నిజం ఉండవచ్చు. సిపాయిలు అధికారులను వెతికి చంపుతున్న సైన్యాన్ని దారికి తేవడం ఆషామాషీ పని కాదు. అయినా ప్రాణం నిలిపినవాణ్ణి, అందులోనూ ఒంటికాలి మనిషిని, న్యాయవాదుల వాదనను లోకం వినే వీలు లేకుండా ఉరికంబం ఎక్కించడం క్రమశిక్షణ కిందికి రాదు. 2011లో ఢాకా హైకోర్టు ఆ విచారణ చట్టవిరుద్ధమని తీర్పు చెప్పింది. ఉరి వార్త వచ్చిన 1976లో కాకు మా నాన్నగారితో అన్నది ఒక్కటే మాట: "బొగుడా పేరు ఎత్తకండి కొన్నాళ్లు."

అయితే కాకు కోపం కూడా నిలకడగా ఉండేది కాదు, ఎందుకంటే జియా ఊరికే కూర్చునే పాలకుడు కాదు. 1976 నవంబరులో ప్రధాన సైనిక శాసనాధికారి అయ్యాడు, 1977 ఏప్రిల్ 21న జస్టిస్ సాయెమ్ స్థానంలో రాష్ట్రపతి అయ్యాడు. ఆ మే 30న జరిపిన ప్రజాభిప్రాయ సేకరణలో 98 శాతానికి పైగా 'అవును' అన్నారని లెక్క చూపించారు. "ఇంట్లో పెళ్లిసంబంధానికి కూడా అంతమంది ఒప్పుకోరు" అని మా నాన్నగారు చమత్కరించారు. ఆ అక్టోబరులో, బొంబాయి నుంచి బయలుదేరిన జపాన్ విమానాన్ని ఆ దేశపు రెడ్ ఆర్మీ తీవ్రవాదులు దారి మళ్లించి ఢాకాలో దింపుకుని బేరాలాడుతున్న సమయంలోనే, వైమానిక దళంలో తిరుగుబాటు లేచింది. దానిని అణచాక హడావిడి విచారణలతో వందలమందిని ఉరితీశారు. ఈ భాగం జియా భక్తుల పుస్తకాల్లో ఒకటి రెండు వాక్యాల్లో ముగిసిపోతుంది.

వీటికి పక్కనే పెట్టవలసిన ఇంకో జియా ఉన్నాడు. నల్లకళ్లద్దాలు, పొట్టిచేతుల చొక్కాతో పలుగు, పార పట్టుకుని పల్లెల్లో కాలవలు తవ్వించిన జియా. జశోర్ జిల్లా ఉలాషీలో మొదలైన ఆ శ్రమదానం దేశమంతా పాకింది. ఏ జిల్లాకు ఎప్పుడు వెళ్తాడో తెలియక అధికారులు వణికేవాళ్లట. పొలాలకు నీళ్లు, కుటుంబ నియంత్రణ, అక్షరాస్యత అంటూ పంతొమ్మిది అంశాల కార్యక్రమం పట్టుకుని తిరిగాడు. మిల్లులను ప్రైవేటువాళ్లకు తిరిగి ఇవ్వడం మొదలుపెట్టాడు. ఇవాళ బంగ్లాదేశ్‌ను పోషిస్తున్న రెడీమేడ్ దుస్తుల ఎగుమతి, గల్ఫ్‌కు కూలీల వలస రెండూ ఆయన కాలంలోనే నిలదొక్కుకున్నాయి. సొంతానికి ఏమీ కూడబెట్టుకోలేదన్న పేరు కూడా ఉంది. ఆయన పోయాక మిగిలినవి విరిగిన సూట్‌కేసు, చిరిగిన బనీను అని అక్కడ వాడుకగా చెప్పుకుంటారు. అందులో పార్టీ ప్రచారం పాలు ఎంతన్నది పక్కన పెడితే, లంచగొండి అని ఆయన శత్రువులు కూడా పెద్దగా అనలేదు.

కాకు కాలవల ఫొటోలు చూసి మెత్తబడేవారు, రాజ్యాంగం వార్తలు చదివి మళ్లీ గట్టిపడేవారు. యుద్ధకాలంలో తన సర్వసేనాని అయిన జనరల్ ఉస్మానీనే ఎదుర్కొని 1978 జూన్‌లో జియా 76 శాతానికి పైగా ఓట్లతో రాష్ట్రపతిగా గెలిచాడు; సెప్టెంబరు 1న బంగ్లాదేశ్ నేషనలిస్ట్ పార్టీ పెట్టాడు; మరుసటి ఫిబ్రవరిలో పార్లమెంటు ఎన్నికల్లో 300 స్థానాల్లో 207 గెలుచుకున్నాడు. రాజ్యాంగంలోంచి సెక్యులరిజం తీసేశారు. ముజిబ్ హంతకులను విచారించకుండా రక్షించే ఆర్డినెన్సుకు ఐదో సవరణతో రాజ్యాంగ బలం వచ్చింది. 1971లో పాకిస్తాన్ పక్షాన ఐక్యరాజ్యసమితికి వెళ్లివచ్చిన షా అజీజుర్ రెహమాన్ ప్రధానమంత్రి అయ్యాడు. కాకును అన్నిటికంటే ఎక్కువగా గాయపరచింది ఇదే. మేజర్ జియా ఎవరి మీద తిరగబడ్డాడో వాళ్ల మనిషినే రాష్ట్రపతి జియా పక్కన కూర్చోబెట్టుకున్నాడని ఆయన గోల్‌బజార్ చాయ్ దుకాణంలో ఎవరు దొరికితే వాళ్లతో వాదించేవారు. 1977 నవంబరులో గంగ మీది ఫరక్కా బరాజు నీళ్ల మీద ఒప్పందం కుదిరినప్పుడు, కలకత్తా రేవుకు నీళ్లు తగ్గాయని బెంగాలీలంతా విసుక్కుంటుంటే కాకు మాత్రం బొగుడావైపే మాట్లాడారు. ఆ డిసెంబరులో జియా ఢిల్లీ వచ్చాడు. రాష్ట్రపతి భవన్‌లో అప్పుడున్నది మన నీలం సంజీవరెడ్డిగారు. "మీవాడూ మావాడూ ఒకే పదవిలో ఉన్నారు" అని మా నాన్నగారు అంటే, "మీవాడు ఎన్నికై వచ్చాడు" అని కాకు జవాబిచ్చారు.

1981 నాటికి నాకు వాల్తేరులో ఉద్యోగం వచ్చింది. మే 30 తెల్లవారుజామున, జోరువానలో, చిట్టగాంగ్ సర్క్యూట్ హౌస్‌లో కొందరు సైనికాధికారులు జియాను కాల్చి చంపారు. పార్టీలోని ముఠా తగాదా తీర్చడానికి వెళ్లిన రాత్రి అది. ఆయనకు నలభై అయిదేళ్లు. శవాన్ని రంగునియా కొండల్లో పూడ్చిపెట్టగా, తరవాత తీసి ఢాకాకు తెచ్చారు. జూన్ 2 నాటి జనాజాకు (అంత్యక్రియల ప్రార్థనకు) లక్షలాది జనం వచ్చారు. హత్యకు సూత్రధారి అని ప్రభుత్వం చెప్పిన మేజర్ జనరల్ మంజూర్ పట్టుబడి, విచారణ ఏదీ జరగకముందే హతుడయ్యాడు. పదముగ్గురు అధికారులను ఉరితీశారు. మరుసటి మార్చిలో జనరల్ ఇర్షాద్ అధికారం చేజిక్కించుకున్నాడు.

నేను కాకుకు ఉత్తరం రాశాను. ఆయన జవాబు ఇన్లాండ్ కవరులో వచ్చింది, వంకర ఇంగ్లీషులో. పరామర్శ మాటలేవీ లేవు. తాహెర్, మంజూర్ ఇద్దరూ 1971 జూలైలో పశ్చిమ పాకిస్తాన్ నుంచి ఒకే జట్టుగా సరిహద్దు దాటి యుద్ధానికి వచ్చినవాళ్లని రాశారు. జియా ఉరితీయించినది ఒకరిని, జియాను చంపించాడన్నది మరొకరిని. ఉత్తరం కింద, 'పాకిస్తాన్ చంపలేకపోయిన వాళ్లందరూ ఒకరినొకరు చంపుకున్నారు' అని రాసి సంతకం పెట్టారు.

దక్షిణాసియా దేశాలన్నీ ఒకచోట కూర్చోవాలని జియా 1980లో రాసిన లేఖల ఫలితంగా, 1985 డిసెంబరులో ఢాకాలో సార్క్ మొదటి సమావేశం జరిగింది. రిటైరైన కాకు ఆ తరవాతే పాస్‌పోర్టు తీసుకుని, శాంతాహార్ మీదుగా బొగుడా వెళ్లివచ్చారు. నేను సెలవుకు ఖరగ్‌పూర్ వెళ్లినప్పుడు ఆ ప్రయాణం గురించి అడిగితే, తమ ఇంటి సంగతి ముక్తసరిగా చెప్పి బాగ్‌బాడీకి వచ్చారు. అక్కడి చాయ్ దుకాణంవాడు ఖరగ్‌పూర్ అనగానే ఇండియా మనిషని గుర్తుపట్టి, మీ కలకత్తా రేడియో మా మేజర్ పేరు ఎందుకు తగ్గించి చెబుతుందని నిలదీశాడట. కాకు తాహెర్ పేరెత్తారు. వాడు కాలవల పేరెత్తాడు. కాకు షా అజీజ్ అన్నారు, వాడు సూట్‌కేసు అన్నాడు. దుకాణం చుట్టూ మనుషులు చేరి రెండు జట్లుగా విడిపోయారు, అందులో కాకు జట్టూ తక్కువేమీ కాదు. బస్సు వెళ్లిపోయింది. తరవాతి బస్సు వచ్చేదాకా దుకాణంవాడు డబ్బులు తీసుకోకుండా చాయ్ పోస్తూనే ఉన్నాడనీ, ఒక్క విషయంలోనూ తగ్గలేదనీ చెబుతూ కాకు, "బొగుడావాళ్లు ఇంతే, ఖోకా, మొండివాళ్లు" అని చాలాకాలం తరవాత గట్టిగా నవ్వారు.